ఇసుకపై ఆనకట్ట నిలిపిన కాటన్ దొర

హంసలదీవి: కృష్ణమ్మ సముద్రంలో కలిసే చోట రాయి అన్నది దొరకదు. దివిసీమ అంతా నది మోసుకొచ్చి పరచిన ఒండ్రు, ఇసుక, చౌడు నేల. హంసలదీవి వేణుగోపాలస్వామి ఆలయాన్ని దేవతలు ఒక్క రాత్రిలో నిర్మించారనీ, తెల్లవారేసరికి గోపురం అసంపూర్తిగా మిగిలిపోయిందనీ స్థానికులు తరతరాలుగా చెప్పుకుంటున్నారు. రాయి లేని చోట, కాలు పెడితే కుంగే నేలలో రాతి కట్టడం నిలవడాన్ని చూసిన పూర్వులకు అది మానవ మాత్రుల పనిగా తోచకపోవడంలో వింతేమీ లేదు. ఇదే నదిపై, ఇక్కడికి ఎగువన బెజవాడ వద్ద ఆనకట్ట కట్టాలన్న ఆలోచన వచ్చినప్పుడు కూడా ఇంజనీర్లను నిలదీసిన ప్రశ్న అదే. పునాదికి రాయి తగలని ఇసుక నదిలో గోడ ఎలా నిలుస్తుంది? దానికి దేశంలోని పాత కట్టడాలను చూసి జవాబు రాబట్టినవారు సర్ ఆర్థర్ థామస్ కాటన్.

కాటన్ పేరు చెప్పగానే ధవళేశ్వరం గుర్తుకొస్తుంది. కృష్ణా డెల్టా రైతులకూ ఆయన పరాయివాడు కాదు. అయితే బెజవాడ ఆనకట్టను కాటన్ స్వయంగా కట్టించారన్న మాట జిల్లాలో తరచూ వినిపిస్తుంది. అది సగం నిజం మాత్రమే. ఆ ఆనకట్ట కోసం పట్టుబట్టినవారిలో ఆయన ముఖ్యులు. దగ్గరుండి కట్టించినది మాత్రం ఆయన వద్ద పని నేర్చిన కెప్టెన్ ఛార్లెస్ ఓర్. ఈ సంగతి చెప్పినందువల్ల కాటన్ కీర్తికి వచ్చే లోటేమీ లేదు.

పదిహేనేళ్లకే సైనిక విద్య

కాటన్ 1803 మే 15న ఇంగ్లండులో జన్మించారు. తండ్రి హెన్రీ కాల్వెలీ కాటన్. పదకొండు మంది కొడుకుల్లో ఆర్థర్ పదోవారు. పదిహేనో ఏట ఈస్టిండియా కంపెనీకి ఇంజనీర్లను, ఫిరంగి దళ అధికారులను తయారు చేసే ఆడిస్కోంబ్ సైనిక కళాశాలలో చేరారు. 1820లో వేల్స్‌లోని బాంగర్ ప్రాంతంలో సర్వే పని చేసి పైవారి మెప్పు పొందారు. 1821లో మద్రాసు చేరుకున్నారు. అప్పటికి ఆయన వయసు పద్దెనిమిదేళ్లు.

మొదట చీఫ్ ఇంజనీరు కార్యాలయంలోను, ఆ తరువాత 1822 నుంచి చెరువుల శాఖలోను పనిచేశారు. దక్షిణాది జిల్లాల్లో చెరువు కట్టలు, తూములు, కలుజులు చూసుకుంటూ తిరగడమే ఉద్యోగం. కంపెనీ రాకకు ఎన్నో శతాబ్దాల ముందే పల్లెల్లో కట్టిన ఆ చెరువులే ఆయనకు రెండో పాఠశాల అయ్యాయి. భారత దేశానికీ సింహళానికీ నడుమనున్న పంబన్ జలమార్గాన్ని కూడా ఆ రోజుల్లోనే సర్వే చేశారు. మొదటి బర్మా యుద్ధంలో పాల్గొని తిరిగివచ్చారు. 1828లో కెప్టెన్ హోదాతో కావేరి పరిశోధన బాధ్యత చేతికి వచ్చింది. ఆయన జీవితాన్ని మలుపు తిప్పినది ఆ బాధ్యతే.

కల్లణై నేర్పిన పాఠం

తంజావూరు ప్రాంతాన కావేరిపై ఉన్న కల్లణై కరికాల చోళుడు కట్టించినదని ప్రతీతి. వందల ఏళ్లుగా వరదలను కాచుకొని నిలిచిన ఆ కట్టకు పూడిక బెడద పెరిగింది. పూడికను వరదతోపాటే కిందికి నెట్టేయడానికి కట్టలో తూములు తెరవాలని కాటన్ నిర్ణయించారు. 1830 ప్రాంతంలో ఆ పని కోసం కట్టను కోసినప్పుడు దాని లోపలి నిర్మాణం ఆయన కంటబడింది.

లోపల చెక్కిన రాళ్ల కట్టుబడి లేదు. పెద్ద పెద్ద ముడి రాళ్లు, వాటి నడుమ బంకమన్ను, పైన మాత్రం గచ్చు పని. పునాది రాతిమీద లేదు, ఇసుకలోనే ఉంది. పూర్వులు రాళ్లను నదిలో దింపి, అవి తమ బరువుతో ఇసుకలోకి కుంగిపోనిచ్చారు. ఇక కుంగవు అని తేలేదాకా రాళ్లు వేస్తూ పోయారు. అప్పుడు దానిపై కట్టుబడి చేశారు. ఐరోపా ఇంజనీర్లు అసాధ్యమని పక్కన పెట్టిన పనిని పేరు తెలియని తాపీ పనివారు ఏనాడో చేసి చూపించారు. ఇసుకలో పునాది వేసే విద్యను తాము ఈ దేశపు పాత కట్టడాల నుంచే నేర్చుకున్నామని కాటన్ తరువాతి రచనల్లో నిస్సంకోచంగా ఒప్పుకున్నారు. పాలించే జాతికి చెందిన అధికారి ఆ కాలంలో అలా ఒప్పుకోవడం అరుదు.

ఆ పాఠానికి ఆయన ఇంకొకటి జోడించారు. అది నూతుల పునాది. డెల్టా పల్లెల్లో మంచినీటి నుయ్యి తవ్వడం చూసినవారికి ఈ పద్ధతి కొత్తగా అనిపించదు. నేలపై ఇటుకల ఒరను కట్టి, మనిషి లోపల కూర్చుని ఇసుక తోడుతుంటే, ఒర తన బరువుతో తానే కిందికి దిగుతుంది. దిగినకొద్దీ పైన మరో వరుస కడతారు. ఇలాంటి నూతులను నదికి అడ్డంగా ఒకదాని పక్కన ఒకటి దింపి, లోపల రాళ్లు, గచ్చు నింపి, వాటి తలలపై గోడ లేపితే ఇసుకలో అడుగు దొరికినట్లే. నీరు గోడ కింది నుంచి ఇసుకను ఈడ్చుకుపోకుండా ఈ నూతుల వరుస అడ్డుపడుతుంది.

ఇక రెండో ప్రమాదం గోడ దాటి దూకే నీటితో వస్తుంది. కిందపడే ప్రవాహం గోడ పాదాల దగ్గర ఇసుకను తొలిచి పెద్ద గుంట చేస్తుంది. దానికి మందు కల్లణై చెప్పినదే. గోడకు దిగువన ఎంతో వెడల్పున ముడి రాళ్లు పరచి వదిలేయాలి. వరద గుంట తవ్వితే ఆ రాళ్లు జారి గుంటలో కూర్చుంటాయి. వరద తగ్గాక పైన మళ్లీ రాళ్లు వేయాలి. కొన్నేళ్లకు దిగువ అంతా రాతి పానుపుగా మారుతుంది. కట్టుబడి అంటే కదలకుండా ఉండాలన్నది మామూలు భావన. ఇక్కడ మాత్రం కదిలే గుణమే కట్టడాన్ని కాపాడుతుంది. ఈ పద్ధతిలో కొల్లడం నదిపై కట్టిన ఎగువ ఆనకట్ట 1836లో పూర్తయింది. తంజావూరు మాగాణికి నీరు నికరమైంది.

కరువు కోరల్లో సర్కారు జిల్లాలు

అదే కాలంలో కృష్ణా, గోదావరి తీరాలు కరువుతో అల్లాడుతున్నాయి. 1832-33లో నందన నామ సంవత్సరపు కరువు గుంటూరు ప్రాంతాన్ని తుడిచిపెట్టింది. సుమారు ఐదు లక్షల జనాభాలో రమారమి రెండు లక్షల మంది చనిపోయారని నాటి లెక్కలు చెబుతున్నాయి. గోదావరి జిల్లాలో 1821లో ఏడు లక్షల 38 వేలున్న జనాభా 1841 నాటికి ఐదు లక్షల 61 వేలకు పడిపోయింది. రెండు మహానదులు పక్కనే పారుతున్నా జనం తిండి లేక ప్రాణాలు వదిలారు. వరద వచ్చిన ఏడు పైరు మునిగింది. వాన రాని ఏడు పైరు ఎండింది. మిగిలిన నీరంతా హంసలదీవి, అంతర్వేదుల వద్ద సముద్రంపాలైంది. పంట పోతే శిస్తూ పోతుందన్నది కంపెనీ బాధ. ఆనకట్టలకు అనుమతి రావడంలో దయకన్నా ఆ బాధకే ఎక్కువ పాత్ర ఉన్నదని చెప్పక తప్పదు.

కాటన్ ఆరోగ్యం ఏనాడూ సరిగా లేదు. జ్వరాలతో సెలవు పెట్టి ఆస్ట్రేలియా వైపు వెళ్లారు. 1841లో టాస్మేనియాలో ఎలిజబెత్ లియర్‌మంత్‌ను వివాహమాడారు. తిరిగివచ్చాక విశాఖపట్నంలో చర్చి నిర్మాణం, సముద్రపు కోత నివారణ పనులు చూశారు. తేలిక పని, చల్లగాలి అని అక్కడికి పంపితే, ఆయన చూపు గోదావరిపై పడింది. గోదావరి జిల్లా దుస్థితిపై సర్ హెన్రీ మాంట్‌గోమరీ 1844లో ప్రభుత్వానికి నివేదిక ఇస్తూ, పరిష్కారం కోసం కాటన్‌ను నియమించాలని సూచించారు. అదే సంవత్సరం కాటన్ ఆనకట్ట, కాలువలు, గట్లు, రహదారులు అన్నీ కలిపిన ప్రణాళికను సమర్పించారు.

1847లో ధవళేశ్వరం వద్ద పని మొదలైంది. నది అక్కడ లంకల మధ్య నాలుగు పాయలుగా ఉంటుంది. ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం పేర్లతో నాలుగు భాగాలుగా కట్టిన ఆనకట్ట మొత్తం పొడవు మూడున్నర కిలోమీటర్లకు పైమాటే. ఆరడుగుల ప్రాంతపు లోతుకు దింపిన నూతులే దానికి పునాది. దగ్గరి కొండల నుంచి రాయి తవ్వి, పట్టాలపై బండ్లలో నది ఒడ్డుకు చేర్చి, పడవల్లో లోపలికి తరలించారు. వేలాది కూలీలను కూడగట్టి, వారిని పనిలో నిలబెట్టడంలో వీణెం వీరన్న కాటన్‌కు కుడిభుజంగా నిలిచారు. ఆదివారం మాత్రం పని ఆగిపోయేది. మతనిష్ఠ గల కాటన్ ఆ నియమాన్ని ఎన్నడూ సడలించలేదు.

1848లో ఆయన ఆరోగ్యం మళ్లీ దెబ్బతిన్నది. పని బాధ్యతను ఓర్‌కు అప్పగించి ఆస్ట్రేలియా వెళ్లారు. 1850లో తిరిగివచ్చి 1852లో ఆనకట్టను పూర్తి చేశారు. ఆ రెండేళ్లలో ఇసుక నదితో తలపడి ఓర్ సంపాదించిన అనుభవమే కృష్ణకు పెట్టుబడి అయింది.

బెజవాడ గండిలో

కృష్ణపై ఆనకట్ట ఆలోచన కాటన్‌తో మొదలు కాలేదు. బెజవాడ, సీతానగరం కొండల నడుమ నది ఇరుకుగా పారే చోటును కెప్టెన్ బకిల్ ముందే పరిశీలించారు. కెప్టెన్ లేక్ ప్రణాళిక తయారు చేశారు. కాగితాలు ఏళ్ల తరబడి బెజవాడకు, మద్రాసుకు, లండనుకు మధ్య తిరిగాయి. గోదావరిపై పని సాగడం చూశాక గానీ పెద్దల అనుమానాలు తీరలేదు. 1851లో అనుమతి లభించింది. ఓర్ ఆధ్వర్యంలో 1852లో పని మొదలై 1855లో ముగిసింది.

చోటు అనుకూలమైనదే. రెండు చివరలా కొండలున్నాయి కాబట్టి రాయి చేతి అందుబాటులో ఉంది. నది వెడల్పు గోదావరిలో మూడో వంతే. అయితే ఆ ఇరుకే పెద్ద సమస్య అయింది. విశాలమైన గోదావరిలో వరద పరుచుకొని పోతుంది. బెజవాడ గండిలో అదే వరద నిలువుగా లేస్తుంది. వరద రోజుల్లో నీటిమట్టం ముప్పై అడుగుల ప్రాంతం పెరిగే నదిలో, ఇసుకపై, మూడు వేల ఏడువందల అడుగులకు పైగా గోడ కట్టాలి. నూతులపై నిలిపిన గోడ, దాని వెనుక ముడి రాళ్ల రాశి, దిగువన వెడల్పాటి రాతి పరుపు, రెండు చివరలా ఇసుక నెట్టే తూములు. స్థూలంగా అదే కల్లణై విద్య, అదే ధవళేశ్వరం అనుభవం.

ఆనకట్టతో పని అయిపోలేదు. అసలు నేర్పు కాలువల అమరికలో ఉంది. డెల్టాలో నది పల్లంలో పారదు. తాను తెచ్చిన ఒండ్రును ఒడ్డున పోసుకుంటూ, చుట్టుపక్కల పొలాల కన్నా ఎత్తున పారుతుంది. కాబట్టి కాలువలను మిట్టల వెంట నడిపి, నీటిని రెండువైపులా పల్లానికి వదలాలి. పల్లాల్లో మురుగు కాల్వలు తవ్వాలి. బందరు కాలువ, ఏలూరు కాలువ, రైవస్ కాలువ ఈ సూత్రంతో ఏర్పడినవే. లాకులు అమర్చడం వల్ల ఆ కాలువల్లోనే పడవలూ నడిచాయి. ఏలూరు వద్ద కృష్ణా, గోదావరి కాలువలు కలవడంతో బెజవాడ నుంచి రాజమండ్రి దాకా పడవ ప్రయాణం సాధ్యమైంది. చెరువుమట్టి తవ్వి కట్టలు వేసిన ఒడ్డెరలు, ఉప్పరులు, తాపీ మేస్త్రీలు, బెస్తల పేర్లు ఏ శిలాఫలకంపైనా కనిపించవు.

కాలువల్లో కలిసిన స్తూపాలు

ఈ కథలో చరిత్ర ప్రియులను బాధించే అధ్యాయం ఒకటుంది. కాలువలకు, లాకులకు, రోడ్లకు ఇటుక, రాయి కావలసి వచ్చినప్పుడు డెల్టాలో సులువుగా దొరికినవి రెండువేల ఏళ్లనాటి బౌద్ధ స్తూపాలు. భట్టిప్రోలు స్తూపపు గుమ్మటం కూల్చి ఆ ఇటుకను రోడ్లకు వాడారు. పాలరాతి పలకలు వెల్లటూరు వద్ద కాలువ తూము కట్టుబడిలో కలిసిపోయాయి. గుడివాడలోని దిబ్బల ఇటుక బెజవాడ రోడ్డుకు కంకరగా మారింది. 1892లో అలెగ్జాండర్ రీ భట్టిప్రోలు దిబ్బను తవ్వించినప్పుడు, మిగిలిన భాగంలో ధాతువుల భరిణెలు, వాటిపై అతి ప్రాచీన లిపి బయటపడ్డాయి. అప్పటికి పోవలసినది పోయింది.

ఇది కాటన్ ఆదేశం కాదు. ఆయన తరువాతి తరం పనుల శాఖ అధికారుల నిర్వాకం. కానీ కల్లణైని కోసి చూసి పూర్వుల విద్యను గుర్తించిన ఇంజనీరు శాఖే, ఘంటసాల, భట్టిప్రోలుల్లో ఆ గుర్తింపును మరచిపోవడం శోచనీయం. ఘంటసాల స్తూపం కట్టుబడిని గమనిస్తే ఈ మాట ఇంకా బాగా తెలుస్తుంది. బండి చక్రంలో కుండ, ఆకులు, చట్రం ఉన్నట్లు లోపల ఇటుక గోడలు కట్టి, వాటి మధ్య గదుల్లో మట్టి కూరారు. మెత్తని నేలపై బరువు సమంగా పడేలా, తక్కువ ఇటుకతో పెద్ద కట్టడం లేచేలా చేసిన ఏర్పాటది. నూతిలో రాయి నింపి గోడ నిలిపిన కాటన్ దానిని చూసి ఉంటే తప్పక ఆగి కొలతలు తీసుకొనేవారు.

శివారుకు అందని నీరు

ఆనకట్ట పూర్తయిన నాలుగేళ్లకు, 1859లో మచిలీపట్నం, గుంటూరు జిల్లాలను కలిపి నదీమతల్లి పేరుతో కృష్ణా జిల్లాను ఏర్పాటు చేశారు. ఎగువన మెట్టలు మాగాణి అయ్యాయి. దివిసీమకు మాత్రం ఆ భాగ్యం వెంటనే దక్కలేదు. పులిగడ్డ వద్ద కృష్ణ రెండు పాయలుగా చీలి, ఆ పాయల నడుమ దివిసీమ దీవిగా ఉండటంతో కాలువ నీరు పాయ దాటి రాలేకపోయింది. 20వ శతాబ్దపు తొలి దశాబ్దంలో ఆయిల్ ఇంజన్ల పంపులతో నదినీరు తోడి పారించే ప్రయత్నం జరిగింది. ఆ తరువాత పులిగడ్డ వద్ద పాయపై అక్విడక్టు కట్టడంతో నది మీదుగా కాలువ దాటి వచ్చింది. గన్నవరం అక్విడక్టుతో గోదావరిపై చేసిన పనే ఇక్కడ ఎన్నో ఏళ్లు ఆలస్యంగా జరిగింది. నేటికీ వేసవి వచ్చిందంటే కోడూరు, నాగాయలంక శివారు రైతుల చూపు కాలువ చివరి గేటు పైనే ఉంటుంది.

సముద్రం వైపు ముప్పును ఏ ఆనకట్టా ఆపలేకపోయింది. 1864 నవంబరు 1న బందరుపై విరుచుకుపడిన ఉప్పెనలో 30 వేల మంది చనిపోయారు. 1977 నవంబరు 19 నాటి ఉప్పెన దివిసీమను ముంచెత్తి, హంసలదీవి పక్కనున్న పాలకాయతిప్పను ఊరు లేకుండా చేసింది. కరకట్టల ప్రాధాన్యం ఈ ప్రాంతానికి అలా తెలిసివచ్చింది.

నెరవేరని కల

1858లో కాటన్ దేశంలోని పెద్ద నదులన్నింటినీ కాలువలతో కలపాలనే ప్రతిపాదన చేశారు. సాగునీరు, పడవల రవాణా రెండూ ఒకే కాలువతో తీరతాయని ఆయన వాదన. కంపెనీ, ఆ తరువాత బ్రిటిష్ ప్రభుత్వం రైళ్ల వైపు మొగ్గాయి. 1860లో పదవీ విరమణ చేసి ఇంగ్లండు వెళ్లారు. 1861లో సర్ బిరుదు లభించింది. ఆయన ప్రోత్సాహంతో ప్రైవేటు కంపెనీ చేపట్టిన కర్నూలు-కడప కాలువ నష్టాల్లో కూరుకుపోయి 1882లో ప్రభుత్వ పరమైంది. గోదావరి ఎగువన దుమ్ముగూడెం మీదుగా తలపెట్టిన జలరవాణా పథకాన్ని 1871లో ఆపేశారు. ఆయన అంచనాల్లో ఆశ పాలు ఎక్కువేనని ప్రత్యర్థులు అనడానికి ఈ రెండూ ఆధారాలయ్యాయి. 1876-78 కరువు లక్షల మందిని బలిగొన్నాక, 1878లో బ్రిటిష్ పార్లమెంటు సంఘం ఎదుట డెబ్బై అయిదేళ్ల వయసులో నిలబడి, రైళ్లకన్నా కాలువలే ప్రాణాలు కాపాడతాయని వాదించారు. సంఘం ఆయన వాదనను అంగీకరించలేదు.

చివరి రోజులు డార్కింగ్ పట్టణంలో గడిచాయి. అక్కడి చిన్న కమతంలో నేలను లోతుగా దున్ని గోధుమ దిగుబడి పెంచే ప్రయోగాలు చేస్తూ గడిపారు. 1899 జూలై 24న 96వ ఏట కన్నుమూశారు. మరుసటి ఏడాది ఆయన కుమార్తె లేడీ హోప్ తండ్రి జీవితచరిత్రను ప్రచురించారు.

ఓర్ కట్టించిన ఆనకట్ట దాదాపు వందేళ్లు కాచి 1952లో గండిపడింది. 1954లో మొదలుపెట్టిన ప్రకాశం బ్యారేజీ 1957లో పూర్తయి దాని స్థానంలో నిలిచింది. 2015 నుంచి పట్టిసీమ ఎత్తిపోతలతో గోదావరి నీరు పోలవరం కుడి కాలువ గుండా ఇబ్రహీంపట్నం వద్ద కృష్ణలో కలిసి, ప్రకాశం బ్యారేజీ మీదుగా డెల్టా కాలువలకు చేరింది. కృష్ణలో వరద ఆలస్యమైన సంవత్సరాల్లో దివిసీమ నారుమళ్లు ఆ నీటితోనే తడిశాయి.